బిలియర్డ్సు బల్లమీద లంబకోణం

గోళీలాట ఆడినవారికి ఒక సంగతి అనుభవంలోనే ఉంటుంది. వేలితో చిమ్మిన గోళీ గాలిలో పోయి ఎదుటి గోళీని సూటిగా కొడితే, దాదాపు అక్కడే నిలిచిపోతుంది; దెబ్బ తిన్నది దూసుకొనిపోతుంది. అదే గోళీ నేలమీద దొర్లుతూ వచ్చి కొడితే నిలవదు, రెండవదాని వెంట కొంత దూరం పోతుంది. బరువులు మారలేదు గదా, ఈ తేడా ఎక్కడిది? బిలియర్డ్సు ఆటలో నేర్పంతా ఈ తేడామీదనే ఆధారపడి ఉన్నది. ముందు ఆ ఆట నియమాలు కొద్దిగా తెలుసుకొందాం.

ఇంగ్లీషు బిలియర్డ్సు బల్ల సుమారు 12 అడుగుల పొడవు, 6 అడుగుల వెడల్పు ఉంటుంది. పలకరాతి మీద ఉన్నిగుడ్డ బిగిస్తారు. అంచుల వెంట రబ్బరు మెత్తలు, నాలుగు మూలలా, పొడవు అంచుల నడుమా మొత్తం ఆరు పాకెట్లు ఉంటాయి. బంతులు మూడే. తెలుపు ఒక ఆటగానిది, పసుపు రెండవవానిది, ఎరుపు ఉమ్మడి. క్యూ అనే పొడవాటి కర్రతో ఎవరి బంతిని వారే కొట్టాలి. ఆ బంతి మిగిలిన రెండింటినీ తాకితే 2 పాయింట్లు. దీనిని కానన్ అంటారు. ఎదుటివాని బంతిని పాకెట్టులో వేస్తే 2, ఎరుపును వేస్తే 3. ఇక తన బంతే మరొకదానిని తాకి పాకెట్టులో పడితే దానిని ఇన్ ఆఫ్ అంటారు. ముందు తాకినది ఎరుపయితే 3, ఎదుటివాని బంతి అయితే 2.

క్యారమ్స్ ఆడేవారికి ఇది వింతగా తోస్తుంది. అక్కడ స్ట్రైకరు పడితే దండుగ! 1875లో జబల్పూరులో ఆంగ్ల సైనికాధికారుల మధ్య పుట్టిన స్నూకరులోనూ తెల్లబంతి పడితే తప్పే. ఎదుటివానికి కనీసం 4 పాయింట్లు పోతాయి. బిలియర్డ్సులో మాత్రం తన బంతి దెబ్బ తరువాత ఎటు పోతుందో ముందే ఎరిగి పంపటానికి బహుమానం ఉన్నది.

ఎటు పోతుంది? సమాన ద్రవ్యరాశి గల రెండు బంతులలో ఒకటి నిశ్చలంగా ఉండగా రెండవది పక్కవాటుగా తాకితే, అభిఘాతంలో శక్తి నష్టం లేకపోతే, వాటి దారుల మధ్య కోణం 90 డిగ్రీలని పాఠ్యపుస్తకం చెబుతుంది. మన బంతి కేంద్రాన్ని ఎదుటి బంతి అంచుకు గురిపెట్టామనుకోండి. ఎదుటి బంతి ఒక పక్కకు 30 డిగ్రీల కోణంలో పోతుంది. మన బంతి రెండవ పక్కకు 60 డిగ్రీలు తిరగాలి. కాని బల్లమీద అది సుమారు 34 డిగ్రీలే తిరుగుతుంది! ఇది చూచిన నా విద్యార్థి ఒకడు, “సూత్రం తప్పాండీ?” అని అడిగాడు. అడగవలసిన ప్రశ్నే.

సూత్రం తప్పు కాదు. బంతి దొర్లుతున్నదన్న మాట మనం మరచాము. తాకిడిలో బంతి తన వేగంలో కొంత ఇచ్చివేస్తుంది గాని, తన భ్రమణాన్ని దాదాపు ఏమీ ఇవ్వదు. తాకిన మరుక్షణం అది 60 డిగ్రీల దారినే పడుతుంది. అయితే ఇంకా పాత దిశకే తిరుగుతూ ఉంటుంది. గుడ్డతో ఘర్షణవల్ల ఆ తిరుగుడు బంతిని పాత దిశకు లాగుతుంది, దారి వంగుతుంది. జారుడు ఆగి మళ్ళీ చక్కగా దొర్లేసరికి కోణం 34 డిగ్రీల దగ్గర స్థిరపడుతుంది. సూటి దెబ్బలో లెక్క ఇంకా తేలిక. ఘర్షణ పని ముగిసేసరికి మన బంతికి మొదటి వేగంలో 2/7 వంతు వస్తుంది. గోళీ వెంటపోవటం ఇదే. బంతిని కేంద్రానికి క్రిందుగా గట్టిగా కొట్టి, తాకేవేళకు వెనుకకు తిరుగుతూ ఉండేటట్లు చేస్తే, అది వెనుకకే వస్తుంది. ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు కొరియోలిస్ 1835లో ఈ ఆట గణితం మీద ఒక గ్రంథమే ప్రకటించాడు.

తరగతిలో చూపటానికి రెండు క్యారమ్ కాయిన్లు చాలు. స్ట్రైకరు బరువెక్కువ, పనికిరాదు. కాయిన్లు దొర్లవు, జారుతాయి; పౌడరు చల్లిన బోర్డుమీద వాటి దారులు గుర్తించి కోణమానిని పెడితే లంబకోణానికి దగ్గరగా, కొంచెం తక్కువగా వస్తుంది, తాకిడిలో కొంత శక్తి నష్టమవుతుంది గనుక. తరువాత గోళీలను దొర్లించి అదే కోణం కొలవండి. విడిపోయిన వెంటనే ఉన్న దారిని, జానెడు దూరం పోయిన తరువాతి దారిని వేరువేరుగా గీయించాలి. నేల మట్టంగా ఉండాలి సుమా, లేకపోతే గోళీ మాట వినదు.