పద్దెనిమిది నిండితే పెద్దయినట్టేనా?

పెద్దరికం ఎప్పుడొస్తుందన్న విషయంలో మన చట్టాలే ఒక మాట మీద లేవు. ఓటుకు 18 ఏళ్లు చాలు. మగపిల్లాడి పెళ్లికి 21 నిండాలి. లోక్‌సభకు పోటీ చెయ్యాలంటే 25. ఇంట్లో అయితే పొద్దున "ఇంత పెద్దయ్యావు, ఆ మాత్రం తెలీదా?" అన్నవాళ్లే సాయంత్రానికి "పెద్దవాళ్ల మాటల్లో నీకేం పని?" అంటారు. మధ్యలో ఉన్న పిల్లలకు బెంగ పట్టుకోదూ మరి!

మెదడును అడిగినా ఒక తేదీ చెప్పదు. అమెరికాలో జే గీడ్ బృందం కొందరు పిల్లలకు, వాళ్లు ఎదిగేకొద్దీ, మళ్లీ మళ్లీ ఎమ్మారై తీసి 1999లో ఫలితాలు ప్రకటించింది. నుదుటి వెనక భాగంలో బూడిదరంగు పదార్థం పదకొండు, పన్నెండేళ్లదాకా పెరిగి, ఆపైన తగ్గుతూ వచ్చింది. అందులో కంగారుపడాల్సిందేమీ లేదు. అక్కరలేని నాడీబంధాలు రాలిపోతాయి, మిగిలిన దారులకు మైలిన్ అనే కొవ్వు పొర చుట్టుకుని సంకేతాల వేగం పెరుగుతుంది. ఇరవై దాటాకా ఈ పని సాగుతుంది. "25 ఏళ్లకు మెదడు పూర్తవుతుంది" అనే మాట తెగ తిరుగుతోంది గానీ, ఆ పుట్టినరోజుకు ప్రత్యేకతేమీ లేదు.

అన్ని శక్తులూ ఒకేసారి రావు. భారత్ సహా 11 దేశాల్లో, 10 నుంచి 30 ఏళ్ల మధ్యవాళ్లను ఐదు వేలమందికి పైగా పరీక్షించిన అధ్యయనం 2019లో వెలువడింది. తీరిగ్గా కూర్చుని ఆలోచించే శక్తి 16 ఏళ్లకే పెద్దలకు దీటుగా ఉంది. దుడుకును ఆపుకోవడం, తోటివాళ్ల ఒత్తిడికి లొంగకపోవడం వంటివి 18 దాటాక కూడా పెరుగుతూనే ఉన్నాయి.

పైగా టీనేజీ వాళ్లకు అందరూ తమనే చూస్తున్నారన్న గుబులొకటి. దీనికి డేవిడ్ ఎల్కైండ్ 1967లోనే 'ఊహాప్రేక్షకులు' అని పేరు పెట్టాడు. 2013లో వెలువడిన ఒక ప్రయోగంలో 8 నుంచి 23 ఏళ్లవాళ్లను స్కానర్‌లో పడుకోబెట్టి, "నీ ఈడువాళ్లొకరు నిన్ను కెమెరాలో చూస్తున్నారు" అని చెప్పారు. నిజానికి ఎవరూ చూడటం లేదు. అయినా టీనేజీ వాళ్లు చిన్నపిల్లలకన్నా ఎక్కువ సిగ్గుపడ్డారు, ఒళ్లు చెమర్చింది కూడా.

సరిగ్గా ఈ వయసులోనే మనం ఎంపీసీయా బైపీసీయా తేల్చమంటాం. తేల్చుకునే తెలివి పదహారేళ్లకు ఉంది, అది పనిచెయ్యడానికి కావలసిన తీరికే ఉండదు. ఒకవైపు మేనమామ సలహా, ఇంకోవైపు పక్కింటివాళ్ల ర్యాంకు. ఈలోగా ఫీజు రాయితీ రేపటితో ఆఖరంటూ కాలేజీ పీఆర్వో ఫోన్ మీద ఫోన్ చేస్తుంటాడు.