ఉమ్మడి ఆటల లైబ్రరీ ఖాళీగా కనిపిస్తే...

రాప్తాడు అనంతపురానికి కూతవేటు దూరంలో, బెంగళూరుకు పోయే జాతీయ రహదారి మీద ఉంది. రెండు రుతుపవనాలూ పూర్తిగా కరుణించని పీఠభూమి ఇది. జిల్లా సగటు వర్షపాతం ఏడాదికి 550 మిల్లీమీటర్ల దరిదాపుల్లోనే ఉంటుంది. శనక్కాయ పంట ఎండిన ఏట యువకులు ఆ రహదారినే పట్టుకుని బెంగళూరుకు పోతారు. కొందరు ఇంకా దూరంగా గల్ఫ్ దేశాలకు వెళతారు. అలా వెళ్ళిన అన్న పూర్వం పండుగకు సంచి నిండా బట్టలు, మిఠాయిలు తెచ్చేవాడు. ఇప్పుడు వాటితోపాటు తమ్ముడి కంప్యూటరుకు ఆటలు కూడా పంపుతున్నాడు. సంచి చేతికి అందకపోతే బస్సును తప్పుపట్టవచ్చు. ఆటలు కనిపించకపోతే ఎవరిని తప్పుపట్టాలో తెలియక మనుషులు ఒకరినొకరు తప్పుపట్టుకుంటున్నారు.

మేము ఎరిగిన ఒక ఇంట్లో ఇదే జరిగింది. పెద్దబ్బాయి బెంగళూరులో పనిచేస్తాడు. చిన్నవాడు అనంతపురంలో ఇంటర్మీడియట్ చదువుతూ హాస్టల్లో ఉంటాడు. అన్న తన జీతంలోంచి కొన్ని ఆటలు కొని, తమ్ముడూ ఆడుకునేలా తన 'కుటుంబం'లో చేరమని ఆహ్వానం పంపాడు. సెలవుల్లో ఇంటికి వచ్చిన తమ్ముడు అంగీకారం నొక్కితే ఆంగ్లంలో ఏదో సందేశం మెరిసింది. చదవకుండానే దాన్ని మూసివేశాడు. లైబ్రరీ తెరిచి చూస్తే తన పాత ఆటలు రెండే ఉన్నాయి. మళ్ళీ మళ్ళీ ప్రయత్నించినా అంతే. చివరకు విసిగి అన్నకు గొంతు సందేశం పంపాడు: "ఇవ్వడం ఇష్టం లేకపోతే లేదని చెప్పు భాయీ, ఆశపెట్టడం ఎందుకు?"

అన్న మనసు నొచ్చుకుంది. ప్రతి జుమా రోజు ఇంటికి వచ్చే ఫోను మూడు వారాలు రాలేదు. తల్లి మా దగ్గరకు వచ్చి, "ఏం ఆటలో ఏమో, అన్నదమ్ములు మాట్లాడుకోవడం మానేశారు" అని కళ్ళు తుడుచుకుంది. మేము వెళ్ళి, ఆ సందేశాన్ని మళ్ళీ తెప్పించి, నిదానంగా చదివి తెలుగులో చెప్పాము. ఈ ఖాతా ఇటీవలే మరొక కుటుంబంలో ఉండి బయటకు వచ్చింది, గడువు పూర్తయ్యేదాకా కొత్త కుటుంబంలో చేరడం కుదరదు అని దాని సారాంశం.

"మరొక కుటుంబం ఎవరిది బేటా?" అని తల్లి అడిగింది. అబ్బాయి తల దించుకున్నాడు. హాస్టల్లో స్నేహితులు కొందరు కలిసి, ఒకరి ఆటలు మరొకరు వాడుకోవడానికి తమను తాము ఒక కుటుంబంగా నమోదు చేసుకున్నారు. మనసులు కలవక కొన్ని నెలలకే విడిపోయారు. తలుపు మూసింది అన్న కాదు, తమ్ముడు తానే వేసుకున్న గడియ అది.

విశ్వాసులు అధికమైన అనుమానాలకు దూరంగా ఉండాలని, కొన్ని అనుమానాలు పాపాలవుతాయని దివ్యఖుర్ఆన్ హుజురాత్ సూరా 12వ ఆయత్ హెచ్చరిస్తోంది. ఆ హెచ్చరిక కంప్యూటరు తెర ముందు కూర్చున్నవారికీ వర్తిస్తుంది. ఇచ్చినవాడి మనసును శంకించడానికి ముందు యంత్రం నియమాలను పరిశీలించాలి. ఆ పరిశీలన ఎలా చేయాలో పాఠకుల ముందు ఉంచడమే ఈ వ్యాసం ఉద్దేశం.

కొన్నది ఏమిటి, పంచుకునేది ఏమిటి?

డిజిటల్ దుకాణంలో ఆట కొనడమంటే వాడుకునే హక్కును కొనడమే. ఆ హక్కు కొన్నవారి ఖాతాకు అంటిపెట్టుకుని ఉంటుంది. దాన్ని ఇంటివారితో పంచుకోవడానికి కంపెనీలు 'ఫ్యామిలీ' ఏర్పాటు చేశాయి. ఆపిల్ సంస్థ 2014లో, గూగుల్ ప్లే 2016లో దీన్ని తెచ్చాయి. కంప్యూటరు ఆటలకు పేరొందిన స్టీమ్ దుకాణం 2013లోనే ఒక పద్ధతి ప్రారంభించి, 2024 సెప్టెంబరులో దాని స్థానంలో 'స్టీమ్ ఫ్యామిలీస్'ను అందరికీ అందుబాటులోకి తెచ్చింది. ఈ మూడింటిలోనూ ఒక కుటుంబంలో గరిష్ఠంగా ఆరుగురే ఉండగలరు.

మన ప్రాంతం వారికి దీన్ని ఉమ్మడి బావితో పోల్చి చెబితే సులువుగా బోధపడుతుంది. బావి అన్నదమ్ములందరిదీ. కాని మోటారు ఒకటే అయితే ఒకరి తరువాత ఒకరు వంతు ప్రకారమే మడికి నీరు పెట్టుకోవాలి. స్టీమ్‌లో ఒక ఆట ప్రతి ఒక్కటే ఉంటే ఒక సమయంలో ఒక్కరే దాన్ని ఆడగలరు. మిగిలినవారు అదే లైబ్రరీలోని వేరే ఆటలు ఆడుకోవచ్చు. కనుక ఆట పేరు కనిపిస్తూ తెరుచుకోకపోతే, ఆ వేళ అది మరొకరి వంతులో ఉందేమో చూడాలి. ఆట పేరే కనిపించకపోతే కారణం వేరు.

వరుసగా చూడవలసిన కారణాలు

మొదట చూడవలసింది ఖాతా. ఒకే ఫోనులో తండ్రిది, కొడుకుది, పాతది, కొత్తది అని మూడు నాలుగు గూగుల్ ఖాతాలు ఉండడం మన ఇళ్ళలో మామూలే. కుటుంబంలో చేరింది ఒక ఖాతా, ప్లే స్టోరులో తెరిచి ఉన్నది మరొక ఖాతా అయితే లైబ్రరీ ఖాళీగానే కనిపిస్తుంది. తెర పైభాగంలోని బొమ్మను నొక్కి, ఏ పేరుతో లోపల ఉన్నామో చూసుకోవాలి.

రెండవది ఆహ్వానం. ఆహ్వానం పంపినంత మాత్రాన సభ్యత్వం రాదు, అందుకున్నవారు అంగీకరించాలి. ఇరువైపుల వారూ సభ్యుల జాబితా తెరిచి, ఎదుటివారి పేరు అందులో చేరిందో లేదో చూడాలి. పేరు లేకపోతే అక్కడ కనిపించే సందేశాన్ని మూసివేయకుండా చివరిదాకా చదవాలి. ఆంగ్లం రాకపోతే ఆ తెరను ఫోటో తీసి తెలిసినవారికి చూపించాలి. మేము చెప్పిన ఇంట్లో మూడు వారాల మౌనానికి చదవని ఆ ఒక్క వాక్యమే కారణం.

మూడవది తెర మీది వడపోత. స్టీమ్ లైబ్రరీలో కంప్యూటరులోకి ఇప్పటికే దించుకున్న ఆటలను మాత్రమే చూపే మీట ఒకటి ఉంది. లినక్స్ మీద నడిచే ఆటలను మాత్రమే చూపేది మరొకటి ఉంది. పొరపాటున వాటిని నొక్కితే మిగిలిన ఆటలన్నీ మరుగున పడతాయి. వాటిని తీసివేసి, ఖాతాలోంచి ఒకసారి బయటకు వచ్చి మళ్ళీ ప్రవేశించి, ప్రోగ్రామును తాజా రూపానికి మార్చి చూడాలి. లైబ్రరీలో పేరు కనిపించినా ఆట దానంతట అదే రాదని కూడా గుర్తుంచుకోవాలి. ప్రతి కంప్యూటరులోకీ దాన్ని విడిగా దించుకోవలసిందే.

నాలుగవది ఆట స్వభావం. అన్ని ఆటలూ పంచుకోవడానికి అనుకూలమైనవి కావు. తయారీదారులు అనుమతించనివి, వేరొక సంస్థ ఖాతా గాని, తాళపు సంకేతం గాని, చందా గాని కోరేవి స్టీమ్ కుటుంబానికి రావు. ఆట పేజీలో 'ఫ్యామిలీ షేరింగ్' అనే గుర్తు ఉంటేనే ఆశించాలి. గూగుల్ ప్లేలో డబ్బు పెట్టి కొన్న, అర్హత గల ఆటలే ఫ్యామిలీ లైబ్రరీలో చేరతాయి. ఉచితంగా దించుకున్న ఆటలు, ఆట లోపల కొన్న నాణేలు, మెట్లు అందులోకి రావు. మన పిల్లల ఫోన్లలో ఉండేవి ఎక్కువగా ఉచిత ఆటలే. వాటిని పంచుకోవలసిన పనే లేదు, ఎవరి ఫోనులోకి వారు నేరుగా దించుకోవచ్చు.

అయిదవది ఇచ్చేవారి అమరిక. గూగుల్ ప్లేలో కొన్న వస్తువులు వాటంతట అవే కుటుంబంలో చేరేలాగా, ఒక్కొక్కటిగా తామే చేర్చేలాగా రెండు పద్ధతులు ఉన్నాయి. రెండవ పద్ధతి ఎంచుకుని తరువాత మరిచిపోయినవారు ఉంటారు. ఆపిల్‌లో కొనుగోళ్ళను పంచుకునే ఏర్పాటు తెరిచి ఉండాలి. స్టీమ్‌లో 'ప్రైవేట్' అని గుర్తు పెట్టిన ఆట కుటుంబానికి కనిపించదు. ఇక్కడ ఒక మర్యాద ఉంది. ఇతరుల గృహాలలోకి అనుమతి లేకుండా ప్రవేశించవద్దని నూర్ సూరా 27వ ఆయత్ నేర్పుతోంది. అన్న తనకోసం ఉంచుకున్న ఆట అతని గది వంటిది. "కనబడటం లేదు భాయీ, ఒకసారి చూస్తారా?" అని అడగడం సబబు. పాస్‌వర్డు సంపాదించి తామే వెతకడం సబబు కాదు. అనుమానాన్ని వారించిన ఆ హుజురాత్ ఆయత్‌లోనే ఇతరుల రహస్యాలను ఆరా తీయవద్దన్న ఆదేశం కూడా ఉంది.

ఆరవది పిల్లల ఖాతా. స్టీమ్ కుటుంబంలో పెద్దలు, పిల్లలు అని రెండు స్థానాలు ఉన్నాయి. పిల్లవాడు ఏ ఆటలు ఆడవచ్చో, ఏ వేళల్లో, ఎంతసేపు ఆడవచ్చో పెద్దలు నిర్ణయించగలరు. వారు అనుమతించని ఆట పిల్లవాడి లైబ్రరీలోకి రాదు. ఇలాంటి చోట ఆట కనిపించకపోవడం లోపం కాదు, తల్లిదండ్రుల నిర్ణయం. ఆ నిర్ణయానికి కారణం పిల్లవాడికి చెప్పకపోతే అదీ అనుమానానికే దారితీస్తుంది.

ఏడవది గడువు. స్టీమ్ కుటుంబాన్ని విడిచిన పెద్దలు, ఆ కుటుంబంలో చేరిన నాటి నుంచి ఏడాది నిండితేగాని మరొక కుటుంబంలో చేరలేరు. వారు ఖాళీ చేసిన స్థానానికీ అలాంటి గడువే ఉంది. గూగుల్‌లోనూ పన్నెండు నెలలకు ఒక్కసారే కుటుంబం మారవచ్చు. కనుక ఈ ఆరు స్థానాలను నిజమైన ఇంటివారికోసమే ఉంచాలి. స్నేహితులను కుటుంబమని రాయడం కంపెనీ నియమానికి విరుద్ధమన్నది ఒక సంగతి. అబద్ధపు నమోదుతో పొందే లాభం మనకు తగదన్నది అంతకంటె పెద్ద సంగతి.

సముద్రానికి అవతల ఉన్న తండ్రి

పై కారణాలన్నీ చూసినా తేలని చిక్కు ఒకటి ఉంది. గూగుల్ కుటుంబంలో సభ్యులందరూ నిర్వాహకుడు ఉన్న దేశంలోనే ఉండాలి. ఆపిల్‌లో కొనుగోళ్ళు పంచుకోవాలంటే అందరి ఖాతాలూ ఒకే దేశపు దుకాణానికి చెందాలి. స్టీమ్ కూడా ఈ ఏర్పాటును ఒకే ఇంటి సన్నిహితుల కోసమే ఉద్దేశించింది. కువైట్‌లో డ్రైవరుగా ఉన్న తండ్రి అక్కడి ఖాతాతో కొన్న ఆట రాప్తాడులోని కొడుకు ఫోనుకు రాకపోతే, అందులో తండ్రి లోపం గాని కొడుకు లోపం గాని లేదు. యంత్రం దృష్టిలో ఇల్లంటే ఒక దేశపు చిరునామా. మన దృష్టిలో ఇల్లంటే రక్తసంబంధం, దుఆలో గుర్తుచేసుకునే పేర్లు.

దీనికి అడ్డదారులు చెప్పేవారు ఉంటారు. దేశం పేరు అబద్ధంగా మార్చడం, ఖాతా పాస్‌వర్డునే పంపడం అలాంటివి. అవి ఖాతాకే ముప్పు తెస్తాయి. ఇక్కడి ఖాతాతో ఇక్కడే కొనుక్కోమని డబ్బు పంపడం సూటి దారి. ఆ సంగతి తండ్రి తానే పిల్లవాడితో మాట్లాడి చెబితే, ఆట ఆలస్యమైనా నాన్న మరిచిపోలేదన్న ధైర్యం మిగులుతుంది.

వంతు, అమానత్

లైబ్రరీ కనిపించిన తరువాత అసలు బాధ్యత మొదలవుతుంది. స్టీమ్‌లో తమ్ముడు అన్న ఆటను ఆడుతూ మోసపు ప్రోగ్రాములు వాడి పట్టుబడితే, ఆ ఆటలో అన్నకు కూడా నిషేధం పడుతుంది. ఒకరి తప్పుకు కొన్నవాడు నష్టపోతాడు. అమానత్‌లను వాటి హక్కుదారులకు అప్పగించమని నిసా సూరా 58వ ఆయత్ ఆదేశిస్తోంది. అన్న లైబ్రరీ తమ్ముడి చేతిలో అమానతే. అతని పేరు చెడకుండా వాడి తిరిగి ఇవ్వాలి.

సమూదు జాతివారికి హజ్రత్ సాలిహ్ (అలై) ద్వారా అల్లాహ్ పెట్టిన పరీక్ష నీటి వంతులో ఉంది. ఒక దినం ఒంటెకు, ఒక దినం వారికి. తమ వంతుతో తృప్తిపడక ఆ ఒంటెనే చంపి వారు నశించారు. ఎండిన నేల మీద బతికే మనకు ఆ వృత్తాంతం త్వరగా అర్థమవుతుంది. నీటి దగ్గర వంతు పాటించే ఇల్లు ఆటల దగ్గరా పాటించగలగాలి. ఎవరు ఏ వేళ ఆడాలో, నమాజు వేళలకు, చదువు వేళలకు తెర ఎప్పుడు మూయాలో ఇంటివారంతా కూర్చుని ముందే నిర్ణయించుకుంటే సగం తగాదాలు పుట్టవు. ప్రతి ఒక్కరూ తమ సంరక్షణలో ఉన్నవారి విషయంలో జవాబుదారులని ప్రవక్త (స) బోధించారు. ఆరుగురి లైబ్రరీకి నిర్వాహకుడైన పెద్దవాడు ఆ ఆరుగురి సమయానికి కూడా జవాబుదారుడే. పందెం కలిసిన ఆటలు ఆ లైబ్రరీలో చోటు చేసుకోకుండా చూడడమూ అతని బాధ్యతే. వాటిని ధర్మం ఎన్నడో నిషేధించింది. మన దేశంలోనూ డబ్బు పందెపు ఆన్‌లైన్ ఆటలను నిషేధిస్తూ 2025 ఆగస్టులో చట్టం వచ్చింది.

ఆ ఇంటి సంగతి ముగించి సెలవు తీసుకుంటాము. ఆ రాత్రి ఇషా నమాజు తరువాత తమ్ముడు బెంగళూరుకు ఫోను చేశాడు. ముందు సలాం చెప్పాడు, తరువాత క్షమాపణ అడిగాడు, హాస్టల్ కుటుంబం సంగతి దాచకుండా చెప్పాడు. అన్న కాసేపు మాట్లాడలేదు. ఆపైన నవ్వి, "గడువు ఎప్పటికి తీరుతుందో రాసిపెట్టుకో. ఆ రోజు మళ్ళీ పిలుస్తాను" అన్నాడు. తమ్ముడు తేదీ లెక్కగట్టి గోడ మీది క్యాలెండరులో గుర్తు పెట్టాడు. ఆటలు ఇంకా రాలేదు. కాని జుమా ఫోను మళ్ళీ మోగుతోంది, అల్‌హమ్దులిల్లాహ్.