కుక్కకు గోమార్లు: మందు ఎన్నాళ్లకోసారి?

పోయిన వేసవిలో మా పేటలో ఒక కూలిసోదరుడు గోమార్ల బాధ చూడలేక, పత్తికి కొట్టగా మిగిలిన మందు కుక్క ఒంటికి పూశాడు. తెల్లారేసరికి కుక్క చచ్చిపోయింది. రాత్రిళ్లు అతని నాలుగు మేకల్నీ కాచిన కుక్క అది! చేనుమందు చేనుకే. పూస్తే కుక్కకూ ముప్పే, పూసిన చేతులకూ ముప్పే.

మరి ఒక్కసారి మందేస్తే గోమార్లు పోవా? పోవు. రక్తం తాగిన ఆడగోమారి కిందికి రాలి, గోడ నెర్రెల్లో దూరి వేలకొద్దీ గుడ్లు పెడుతుంది. ఆ పిల్లలు మళ్లీ కుక్కనెక్కి రక్తం తాగుతాయి, జ్వరాలు అంటిస్తాయి. అందుకే మెడమీద వేసే చుక్కమందు నెలకోసారి వేయాలి. మాత్రల్లో నెల పనిచేసేవీ, మూడు నెలలు పనిచేసేవీ ఉన్నాయి. మన ఎండల్లో గోమార్లకు ఏడాది పొడుగునా కాలమే, మధ్యలో ఆపరాదు. గోడ నెర్రెలు మట్టితో మెత్తాలి, కుక్క పడుకునే చోటు రోజూ ఊడవాలి. కుక్క ఈడు, బరువు చెప్పి, పశువుల డాక్టరునడిగే మందు తేవాలి.

నెలనెలా కొనడం కూలివాడికి భారమే. అందుకే సోదరులారా, పశువుల ఆస్పత్రిలో కుక్కకూ ఉచితంగా మందివ్వమని అడుగుదాం. ఒక్కడు పోతే రేపు రమ్మంటారు; పేటంతా పోతే వింటారు.