గడ్డి కోసే మిషను: కార్బొరేటరు తిప్పే ముందు

వానలు పడ్డాయంటే మామిడి, కొబ్బరి, ఆయిల్‌పామ్ తోటల్లో గరిక, తుంగ, వయ్యారిభామ ఒక్కసారిగా లేస్తాయి. కూలీలు దొరక్క భుజానికి తగిలించుకునే బ్రష్ కట్టర్లు కొన్న రైతులు ఎందరో. నెలల తరబడి మూలన పడి ఉన్న మిషను బయటికి తీస్తే మొరాయిస్తుంది, స్టార్టయినా ఆగిపోతుంది, దట్టమైన గడ్డిలో గుంజలేకపోతుంది. వెంటనే స్క్రూడ్రైవరు అందుకుని కార్బొరేటరు తిప్పేస్తుంటారు. పెట్రోలు తగ్గిస్తే మిషను జోరుగా తిరుగుతుంది, ఖర్చూ కలిసొస్తుందని చాలామంది అనుకుంటారు. ఇంజను దెబ్బతినేది ఇక్కడే.

టూ స్ట్రోక్ ఇంజనుకు విడిగా ఆయిల్ గది ఉండదు. పెట్రోలులో కలిపిన ఆయిలే పిస్టనుకు, బేరింగులకు అందుతుంది. పెట్రోలు తగ్గించామంటే ఆయిలూ తగ్గించినట్టే. కాసేపు జోరుగానే తిరుగుతుంది గానీ పిస్టను వేడెక్కి, గీతలు పడి, సిలిండరులో పట్టేస్తుంది. అప్పుడు ఆ రెండూ మార్చుకోవాల్సి వస్తుంది.

ముందుగా చూడాల్సినవి

చాలాసార్లు లోపం కార్బొరేటరులో ఉండదు. ఎయిర్ ఫిల్టరు స్పాంజిని సబ్బు నీళ్లలో కడిగి, బాగా ఆరాక బిగించండి. ట్యాంకులోని చిన్న ఫిల్టరు, సైలెన్సరు జాలీ మసి పట్టాయేమో చూడండి. ప్లగ్గు తుడవండి.

పాత పెట్రోలు వాడొద్దు. 2025 నాటికి మన పెట్రోలులో 20 శాతం దాకా ఇథనాల్ కలుస్తోంది. ఇది చెమ్మను పీలుస్తుంది. నీరు ఎక్కువైతే విడిపోయి అడుగుకు చేరుతుంది. పాత మిషన్ల రబ్బరు భాగాలూ దీనివల్ల పాడవుతాయి. అందుకే కొద్దికొద్దిగా, తాజాగా కలుపుకోండి. 25 పాళ్ల పెట్రోలుకు ఒక పాలు అని ఉంటే లీటరుకు 40 మి.లీ., 50 పాళ్లకు ఒకటి అని ఉంటే 20 మి.లీ. ఆయిల్ పోయాలి. మీ మిషనుకు ఏది సరిపోతుందో దాంతో ఇచ్చిన పుస్తకంలో ఉంటుంది. ఫోర్ స్ట్రోక్ మిషనయితే సాధారణంగా పెట్రోలులో ఆయిల్ కలపకూడదు.

మూడు స్క్రూలు

ఎల్ అని రాసి ఉన్నది తక్కువ వేగానికి, హెచ్ అన్నది పూర్తి వేగానికి పెట్రోలు అందిస్తాయి. మూడోది ఐడ్లింగ్ స్క్రూ. ఎల్, హెచ్‌లను కుడివైపు తిప్పితే పెట్రోలు తగ్గుతుంది, ఎడమవైపు తిప్పితే పెరుగుతుంది. కొన్ని మిషన్లలో ఐడ్లింగ్ ఒక్కటే తిప్పడానికి వీలుంటుంది. తక్కినవాటికి కంపెనీ మూతలుంటే పీకకండి.

సర్దుబాటు ఇలా

ఇప్పుడున్న స్థానాన్ని ముందుగా గుర్తు పెట్టుకోండి. బ్లేడు తీసేసి, మామూలు పొడవు నైలాన్ తీగ ఉన్న తల బిగించండి. ఇంజను అయిదు నిమిషాలు నడిచి వేడెక్కాకే మొదలుపెట్టాలి.

ముందు ఎల్: నెమ్మదిగా అటూ ఇటూ తిప్పుతూ ఇంజను ఎక్కువ వేగంతో తిరిగే చోటు పట్టుకోండి. అక్కడి నుంచి ఎడమకు చుట్టులో ఎనిమిదో వంతు వెనక్కి తిప్పండి. యాక్సిలేటరు నొక్కగానే తడబడకుండా అందుకోవాలి. తడబడితే ఇంకాస్త ఎడమకు.

తర్వాత ఐడ్లింగ్: ఇంజను ఆగిపోకూడదు, తల తిరగకూడదు. తల తిరుగుతుంటే వేగం తగ్గించండి.

చివరగా హెచ్: కొన్ని సెకన్ల పాటే పూర్తి యాక్సిలేటరు ఇచ్చి వినండి. గడ్డి తగలనప్పుడు శబ్దం కాస్త గరగరలాడి, గడ్డిలో పెట్టగానే నున్నగా మారితే సరిగ్గా ఉన్నట్టు. గడ్డి లేకుండానే సన్నగా, కీచుగా అరుస్తుంటే పెట్రోలు చాలడం లేదు. వెంటనే ఎడమకు తిప్పండి. గడ్డిలో కూడా గరగర పోక, పొగ ఎక్కువగా వస్తుంటే కొద్దిగా కుడికి.

ఏ స్క్రూనైనా చివరిదాకా బిగించి నొక్కకండి. సూది మొన, అది కూర్చునే చోటు చెడితే కార్బొరేటరే మార్చాలి.

ప్లగ్గు చెప్పే మాట

అరగంట కోత కోసి, ఇంజను చల్లారాక ప్లగ్గు తీసి చూడండి. లేత గోధుమ రంగులో ఉంటే బాగున్నట్టు. నల్లగా, తడిగా ఉంటే పెట్రోలు ఎక్కువ. తెల్లబారితే తక్కువ, అలా వాడొద్దు. స్క్రూ ఎంత తిప్పినా ఐడ్లింగులో వేగం దానంతటదే పెరిగిపోతుంటే ఎక్కడో గాలి లీకవుతోందన్నమాట. ఇక మీరు తిప్పకుండా మెకానిక్కుకు చూపించండి.

సర్దుబాటు చేసేటప్పుడు కళ్లద్దాలు పెట్టుకోండి, పిల్లల్ని దగ్గరికి రానివ్వకండి. వేడి ఇంజనులో పెట్రోలు పోయకండి. కోత ముగిసి మిషను లోపల పెట్టేటప్పుడు ట్యాంకు ఖాళీ చేసి, ఐడ్లింగులో దానంతటదే ఆగేదాకా నడపండి. వచ్చే వానలకు స్క్రూడ్రైవరుతో పని చాలావరకు తప్పుతుంది.