నేస్తుల సంఘము

ఐరోపా ఖండమున ఉత్తరదిక్కున స్వీడన్ దేశము కలదు. శీతకాలమున అచ్చట పగలు మిక్కిలి కురుచయై యుండును. ఉత్తరభాగములలో నెలల తరబడి నేల మంచుచే కప్పబడి యుండును. అయినను ఆ దేశీయులకు క్రీడలయందు ఆసక్తి మెండు. పట్టణములందే కాక పల్లెలందును క్రీడాసంఘములు కలవు. వానిలో మిగుల విస్తరించిన యొకటి ఇద్దరు విద్యార్థుల ఊహనుండి పుట్టినది.

1895వ సంవత్సరము ఫిబ్రవరి 1వ తేదీన 'కమ్రాతెన్' అను యువజన పత్రికలో ఒక చిన్న ప్రకటన వెలువడెను. దానిని వ్రాసినవారు లూయీ సెట్టర్‌స్టెన్, పేర్ ఏనెమార్క్ అను స్టాక్‌హోమ్ నగర విద్యార్థులు. దేశమందలి యువజనులెల్లరును చేరదగిన క్రీడాసంఘము నొకదానిని స్థాపింతమని వారు తోడి పాఠకులను ఆహ్వానించిరి. కమ్రాతెన్ అనగా నేస్తము. అందుచే సంఘమునకు 'నేస్తులు' అను నర్థమిచ్చు 'కమ్రాతెర్నా' అను పేరు కలిగెను. దానినే క్లుప్తముగా ఐ.ఎఫ్.కె. అందురు. నీలము, తెలుపు దాని వర్ణములు; నాలుగు కోణముల నక్షత్రము దాని చిహ్నము.

పత్రిక చేరిన ఊరూర శాఖలు మొలకెత్తెను. గోథెన్‌బర్గ్ నగరమున మొదట నెలకొల్పిన శాఖలు నిలువలేదు. అయినను అచ్చటి యువకులు నిరాశ చెందక 1904లో మరల సంఘమును స్థాపించిరి. కాలక్రమమున ఒక్కొక్క శాఖయు స్వతంత్ర సంఘమైనది. ఒకచోట కాలిబంతి, ఒకచోట పరుగుపందెములు, వేరొకచోట మంచుపై జారు క్రీడలు ప్రధానములైనవి.

మంచుక్రీడకు పేరొందిన శాఖ మోరా అను చిన్న పట్టణమున కలదు. ఆ పట్టణమును గూర్చి యొక గాథ కలదు. 1521వ సంవత్సర ప్రాంతమున గుస్తావ్ వాసా అను ప్రభువు డెన్మార్కు రాజుపై తిరుగుబాటు చేయుడని మోరా ప్రజలను కోరెను. వారు సమ్మతింపకపోగా అతడు నార్వే వైపు సాగిపోయెను. పిదప ప్రజలు పశ్చాత్తాపపడి ఇద్దరిని పంపిరి. వారు పొడవైన సన్నని చెక్కలను పాదములకు బిగించుకొని, మంచుపై జారుచు పోయి, సేలెన్ అను గ్రామమువద్ద అతనిని కలిసికొని వెనుకకు తెచ్చిరని జనశ్రుతి. 1523లో అతడు రాజయ్యెను.

ఆ పయనమునకు స్మారకముగా పందెము నడుపవలెనని 1922లో ఆండర్స్ పెర్స్ అను పత్రికా సంపాదకుడు సూచించెను. మోరా సంఘము ఆ భారమును వహించెను. కొద్ది వారములలోనే, మార్చి 19వ తేదీన, 119 మంది సేలెన్‌నుండి బయలుదేరిరి. దూరము 90 కిలోమీటర్లు. ఎర్న్‌స్ట్ ఆల్మ్ అను ఇరువదిరెండేండ్ల యువకుడు ఏడున్నర గంటలలో మోరా చేరి గెలుపొందెను. ఆ పందెమునకు వాసాలోప్పెట్ అని పేరు. విజేతకు ఒక యువతి మాల వేయుట అచ్చటి ఆచారము. మోరా సంఘమునకు చెందిన నిల్స్ కార్ల్‌సన్ తొమ్మిదిమార్లు ఆ మాలను ధరించెను. 1948లో ఒలింపిక్ స్వర్ణపతకమును గూడ సాధించెను.

అయితే ఈ చరిత్రలో ఒక లోపము లేకపోలేదు. 1923లో మార్గిత్ నూర్డిన్ అను వ్యాయామ ఉపాధ్యాయిని ఆ 90 కిలోమీటర్లను పూర్తి చేసెను. స్త్రీలకు అసాధ్యమని తలచినదానిని ఆమె చేసి చూపెను. అట్లయ్యును మరుసటి యేటనే స్త్రీల ప్రవేశము నిషేధింపబడినది. ఆ నిషేధము 1981లో గాని తొలగలేదు. అందరును నేస్తులేయని చెప్పుట సులభము. ఆచరించుటకు అర్ధశతాబ్దమునకు పైగా పట్టినది.

గోథెన్‌బర్గ్ శాఖ కాలిబంతియందు ఖ్యాతి గడించెను. 1982లో ఐరోపా సంఘముల పోటీయగు యూఫా కప్ తుదిపోరులో జర్మనీకి చెందిన హాంబుర్గ్ జట్టును రెండాటలలో కలిపి 4–0 తేడాతో ఓడించెను. ఆ విజేతలలో పలువురు వేరు పనులు చేసికొని జీవించుచు, తీరికవేళల ఆడినవారే. 1987లోను ఆ కప్పు వారికే లభించెను. వేక్షో శాఖకు చెందిన కరోలీనా క్లూఫ్ట్ 2004లో ఏథెన్స్ ఒలింపిక్ క్రీడలలో, ఏడు అంశములతో గూడిన హెప్టాథ్లాన్‌యందు స్వర్ణపతకము నందెను.

ఇట్టి సంఘములకు యజమానులు వాని సభ్యులే. ఏటేటా సభ చేరి, లెక్కలు చూచి, కార్యవర్గము నెన్నుకొందురు. పిల్లలకు ఆట నేర్పువారును, పందెపుబాటను సిద్ధపరచువారును పెక్కురు వేతనము లేకయే పనిచేయుదురు. పతకములు కొందరికే దక్కును. సంఘమును నిలుపునది మాత్రము పేరు తెలియని ఈ నేస్తుల శ్రమయే. ఇద్దరు విద్యార్థులు నాటిన విత్తనము ఇంతటి వృక్షమగుటకు ఇదియే కారణము.