ఇద్దరత్తల కోడలు

సంక్రాంతికి మా ఇంటికి వచ్చిన పిన్ని, పండుగ సందడి సద్దుమణిగాక చేతిసంచీలోంచి ఒక కాగితం తీసి నా ముందు పెట్టింది. వాళ్ళ ఊరి సహకార బాంకువాళ్ళు పంచిన కాగితం. పెద్ద బాంకులకంటే అరశాతం వడ్డీ ఎక్కువట. బాబాయి పోయాక పాత ఇల్లు అమ్మగా వచ్చిన ఎనిమిది లక్షలు ఆవిడ దగ్గరున్నాయి.

"ఏం చెయ్యమంటావురా?" అంది.

నాకు నోరు పెగల్లేదు. ఇరవయ్యేళ్ళ కిందట ఇలాంటి కాగితమే చూసి బాబాయి రెండు లక్షలు ఒక సహకార బాంకులో వేశాడు. ఒకనాడు పొద్దున్నే వెళితే తలుపులు మూసి ఉన్నాయి, బయట జనం. బీమా కింద లక్ష చేతికి రావడానికే ఏళ్ళు పట్టింది. రెండో లక్ష రానే లేదు. ఒక కచేరీకి వెళితే మరో కచేరీ పేరు చెప్పారు. "అడిగేవాడెవడూ లేడుట్రా వీళ్ళని?" అని బాబాయి చివరిదాకా బాధపడ్డాడు.

అందుకని పిన్నిని వెంటబెట్టుకుని మా వీధి చివర ప్లీడరు గారింటికి వెళ్ళాను. ఆయన కాగితం చూసి నవ్వారు.

"అమ్మా, సహకార బాంకు ఇద్దరత్తల కోడలు. సంఘంగా రిజిస్టరు చేసేదీ, ఎన్నికలు చూసేదీ రాష్ట్రంలోని రిజిస్ట్రారు. 1966 మార్చి 1 నుంచి బాంకింగు చట్టం వీటికీ వర్తించింది కనక లైసెన్సు, డబ్బు వ్యవహారం రిజర్వు బాంకువి. ఒక అత్త గట్టిగా మాట్లాడితే కోడలు రెండో అత్త చాటుకు పోతుంది."

"మరి కోర్టులేమన్నాయండీ?" అన్నాను.

"తగువంతా రాజ్యాంగంలో ఉంది. సహకార సంఘాలు రాష్ట్రాల జాబితాలోవి, బాంకింగు కేంద్రం జాబితాలోది. 'మేం ముందు సంఘం, తరవాతే బాంకు' అన్నది వీళ్ళ వాదం. 2007లో సుప్రీంకోర్టు, సహకార బాంకుల బాకీల వసూలుకు కేంద్రం పెట్టిన రుణ వసూలు ట్రిబ్యునళ్ళు పనికిరావంది. 2020 మే 5న అయిదుగురు జడ్జీల ధర్మాసనం వేరే దారి పట్టి, సంఘమైనా సరే, చేసే పని బాంకింగయితే అది కేంద్రం పరిధిలోదేనని తేల్చింది."

అంతకుముందే, 2019 సెప్టెంబరులో, ముంబాయిలోని పంజాబ్ అండ్ మహారాష్ట్ర సహకార బాంకు మీద రిజర్వు బాంకు ఆంక్షలు పెట్టింది. ఖాతాదారు తీసుకోగలిగింది మొదట వెయ్యి రూపాయలే! 2020లో చట్టం సవరించి రిజర్వు బాంకుకు మరిన్ని అధికారాలిచ్చారు. ముందుగా వచ్చిన ఆర్డినెన్సును కాంచీపురంలోని ఒక సహకార పట్టణ బాంకు మద్రాసు హైకోర్టులో సవాలు చేసింది.

"2021లో సుప్రీంకోర్టు సహకార సంఘాల సవరణ కొట్టేసిందని పేపర్లో చదివాను. అదేమిటి మరి?" అంది పిన్ని. ఆవిడ పేపరు వదలదు.

"అది 97వ రాజ్యాంగ సవరణ. రాష్ట్రాల్లోని సంఘాల పాలకవర్గాలు, ఎన్నికలు ఎలా ఉండాలో చెప్పింది. సగం రాష్ట్రాల శాసనసభల ఆమోదం లేదు కనక ఆ సంఘాల వరకూ చెల్లదన్నారు. అంటే సంఘం పుట్టుక, పెంపకం రాష్ట్రానివి. జనం డబ్బుతో చేసే వ్యాపారం రిజర్వు బాంకు చూడాలి. రెండింటికీ పేచీ లేదు."

"ఇదంతా సరేనండీ, నా డబ్బు మునిగితే?"

"2020 ఫిబ్రవరి 4 నుంచి బీమా 5 లక్షలు, అసలూ వడ్డీ కలిపి. ఒకే బాంకు నాలుగు శాఖల్లో వేసినా లెక్క ఒకటే. 2021 సవరణ తరవాత, రిజర్వు బాంకు చెల్లింపులు ఆపితే, మామూలుగా 90 రోజుల్లో బీమా డబ్బు ఇవ్వాలి. బాంకు దివాలా తేలేదాకా కాచుకోనక్కర్లేదు."

పిన్ని దారంతా మాట్లాడలేదు. గుమ్మం ఎక్కుతూ అంది: "ఆ బాంకులో రెండు లక్షలు వేస్తాను. మిగతా ఆరూ రెండు వేరే బాంకుల్లో సగం సగం. ఒక షేరు కూడా కొని సభ్యురాలినవుతాను."

"షేరెందుకు పిన్నీ?"

"సర్వసభ్య సమావేశానికి వెళ్ళి ఆడిటు రిపోర్టు చదివి వినిపించమంటాను. అడిగేవాడెవడూ లేడని మీ బాబాయి బాధపడి పోయాడు. అడిగేదాన్ని నేనున్నాను కదురా!"