బంతి విడిచి పొలము పట్టిన జేసన్ బ్రౌన్

చిలగడదుంపకు మన పల్లెల్లో ఒక్కొక్క చోట ఒక్కొక్క పేరు. రాయలసీమలో గెనుసుగడ్డ అంటారు, తెలంగాణలో కొన్ని ప్రాంతాల్లో మోరంగడ్డ అంటారు. ఏ పేరుతో పిలిచినా అది పేదవాని ఆకలి తీర్చే దుంప. ఆ దుంపలు పండించుటకు కోట్ల డాలర్ల ఆటను వదులుకొన్న ఒక మనిషిని గూర్చి ఈ నెల వ్రాస్తున్నాము.

ఆయన పేరు జేసన్ బ్రౌన్. 1983లో జన్మించారు. అమెరికాలోని నార్త్ కరోలినా రాష్ట్రమువాడు. ఆయన ఆడినది అమెరికన్ ఫుట్‌బాల్. అది మన పిల్లలు కాలితో తన్నే బంతి ఆట కాదు. కోలగా ఉండే బంతిని చేతపట్టుకొని, జట్టుకు పదకొండుమంది చొప్పున, ఎదుటివారిని తోసుకొంటూ ముందుకు పోయే ఆట. అందులో ఈయన స్థానము సెంటర్. వంగి నిలిచి, బంతిని రెండు కాళ్ళ సందున వెనుకనున్న వానికి అందించి, మరుక్షణమే మీదికి వచ్చేవారిని తన శరీరముతో అడ్డుకోవాలి. చూసేవారి కళ్ళు బంతి వెంట పోతాయి గాని ఇతని మీద నిలువవు. సంఘములో చాపలు పరిచేవారిని, దీపాలు తుడిచేవారిని ఎవరు గమనిస్తారు? అలాంటిదే ఆ పని.

2005లో బాల్టిమోర్ రేవెన్స్ అనే జట్టు ఆయనను తీసుకొన్నది. 2009లో సెయింట్ లూయిస్ రామ్స్ జట్టు ఐదేళ్ళకు 3 కోట్ల 75 లక్షల డాలర్ల ఒప్పందము చేసుకొన్నది. ఆనాడు ఆ స్థానములో ఆడే వారందరిలో అంత జీతము మరెవరికీ లేదు.

అయితే ఆ ఇంటిలో ఒక దుఃఖము ఉన్నది. ఆయన అన్న లన్స్‌ఫర్డ్ సైన్యములో చేరి 2003 సెప్టెంబరులో ఇరాక్ దేశములో ఫిరంగి గుండ్ల దాడిలో మరణించాడు. అప్పటికి అతని వయస్సు 27 ఏళ్ళు. తమ్మునికి కూడా 27వ ఏడు వచ్చినప్పుడు ఆ సంఖ్య ఆయనను వదలలేదు. అన్న ఈ వయస్సుకే దేశము కొరకు ప్రాణము ఇచ్చాడు, నేనేమి చేశాను అని తన్ను తాను ప్రశ్నించుకొన్నారు. పేరు, ధనము, పెద్ద ఇల్లు, ఇవేవీ దానికి జవాబు కాలేదు.

2012లో రామ్స్ జట్టు ఆయనను విడిచిపెట్టింది. వేరే జట్లు పిలిచాయి. ఆయన పోలేదు. జీవితములో ఇంతకన్నా పెద్ద తప్పు చేయలేవని ఆయన ఏజెంటే అన్నాడట. కాదని చెప్పి సొంత రాష్ట్రానికి తిరిగివచ్చి, లూయిస్‌బర్గ్ దగ్గర సుమారు వెయ్యి ఎకరాల పొలము కొన్నారు. దానికి ఫస్ట్ ఫ్రూట్స్ ఫార్మ్ అని పేరు పెట్టారు. అనగా ప్రథమ ఫలముల పొలము. ప్రతి కోతలో మొదటి ఫలము ఆకలిగొన్నవారికే అన్నది ఆయన తీర్మానము.

నవ్వు వచ్చే సంగతి ఏమంటే, ఆయనకు సేద్యము రాదు! యూట్యూబులో వీడియోలు చూసి, ఇరుగుపొరుగు రైతులను అడిగి నేర్చుకొన్నారు. మన రైతులు ఇది విని తల ఊపుతారు. దుక్కి, పదును, పురుగు, ఇవి తెరమీద చూస్తే వచ్చేవి కావని వారికి తెలుసు. అయినా 2014లో మొదటి ఐదు ఎకరాలలో దాదాపు లక్ష పౌండ్ల దుంపలు దిగినవి. మన లెక్కలో 450 క్వింటాళ్ళు. స్వచ్ఛందముగా వచ్చిన జనులు వాటిని ఏరి పోగుచేశారు. ఒక్క దుంప అమ్మలేదు. అన్నియు పేదలకు ఆహారము పంచే కేంద్రాలకు పోయినవి. చిలగడదుంప ఆకుకూరవలె రెండు రోజులకే వాడిపోదు. పంచేవారి చేతిలో చాలా దినములు నిలుస్తుంది, గనుక ఆ పనికి తగిన పంటయే.

ఇక్కడ ఒక మాట చెప్పకపోతే అబద్ధమాడినట్లే. ఆయన చేతిలో ఆటలో సంపాదించిన సొమ్ము ఉన్నది. కౌలుకు తీసుకొని, వడ్డీకి తెచ్చి, వానకు ఎదురుచూసే మన సహోదరునితో “నీవును అట్లే ఇచ్చివేయుము” అని మేము అనలేము. అనకూడదు కూడా.

మేము ఇది వ్రాయుటకు కారణము రైతులు కాదు, మేమే. ద్వితీయోపదేశకాండము 26వ అధ్యాయము తీసి చదవండి. పంటలో భాగము పుచ్చుకొని తృప్తిగా తినవలసినవారు అక్కడ ఉన్నారు: లేవీయుడు, పరదేశి, తండ్రిలేనివాడు, విధవరాలు. లేవీయుడు ఉన్నాడు గనుక కాపరులమైన మాకును భాగమున్నది. కాని లేవీయుడు ఒక్కడే లేడు. పంట పండుగనాడు మన బలిపీఠము ముందు వరి కంకులు, గుమ్మడికాయలు, కోళ్ళు, కొబ్బరికాయలు నిండుగా ఉంటాయి. ఆరాధన ముగియగానే వేలము. ఒక్క గుమ్మడికాయ వందలకు పోతుంది, అందరము చప్పట్లు కొడతాము, సొమ్ము గుడి కట్టడానికి, ప్రహరీకి, మైకు సెట్టుకు పోతుంది. ఏళ్ళ తరబడి ఆ వేలము పాట పాడించినది మా నోరే. ఒక ఏడు పాట ముగిసిన తరువాత, ఒక ముసలి విధవరాలు వాకిట నేలమీద రాలిన గింజలు కొంగులోనికి ఏరుకొనుట చూచితిమి. ఆమె మన సంఘ సభ్యురాలే. ఆ ఉదయమున ఒక సేరు బియ్యము తెచ్చి అర్పించినది ఆమెయే.

ఈ ఏడు అర్పణలో సగమైనను వేలము వేయక, ఇండ్ల వెంట తీసుకొనిపోయి పంచుదామని పెద్దలతో చెప్పితిమి. ప్రహరీ సగములో ఆగిపోయిందని కోశాధికారి గుర్తుచేశారు. వచ్చే ఆదివారము మరల కూర్చుంటాము.